దాలమ్మ సైన్యం

నా భార్య సైన్యం ఈ పొద్దున నా పేరుకు మారింది. వాకిట్లో నిలబడి ఉంది.

నేను నోరు పుక్కిలించి ఉమ్మి, వరసలు చూస్తాను. ముందు ఈటెలు, వాటి వెనక విల్లులు, అందరికీ వెనక రెండు ఏనుగులు. గోడ పక్కన పడుకున్న మా గేదె తోక తొక్కకుండా ఏనుగులు ఒద్దికగా కాళ్ళు దగ్గర పెట్టుకున్నాయి. మనుషుల్లో ఆ మర్యాద నేను పెద్దగా చూడలేదు.

ముందున్న మనిషి ఇనప టోపీ తీస్తుంది. నూకాలు. దాలమ్మ నడిపిన వరి ఊడ్పుల గుంపులో దాలమ్మ తర్వాతి మనిషి. చీర కచ్చ బిగించి, దాని మీద ఇనప చొక్కా వేసుకుంది.

“బావొ, ముందు అన్నం ఎట్టు. కాలీ కడుపుతో యుద్ధం సెయ్యలేం.”

“ఏ యుద్ధం?”

“అప్ప మద్దిలో ఒగ్గీసిందే. కొత్తదేటి కాదు.”

అప్ప అంటే దాలమ్మ, నా భార్య. కిడ్నీలు పాడైన ఏడాది ఆమెను పట్నం తీసుకెళ్ళి మంచం మీద పడుకోబెట్టేవాణ్ణి. ఒక చేతికి రెండు గొట్టాలు. రక్తం ఒక గొట్టంలో బయటికి పోయి, కడుక్కుని, రెండో గొట్టంలో తిరిగొచ్చేది. ఖాళీగా ఉన్న చేత్తో ఆమె ఫోనులో సైన్యాలను నడిపే ఆట ఆడేది. కోటలు, మంత్రగాళ్ళు, రెక్కల గుర్రాలు. బడి మెట్లు ఎక్కని మనిషి. బొమ్మలు చూసి నేర్చుకుంది. పక్క మంచం అమ్మాయిని బతిమాలి సైనికులందరికీ తన గుంపు ఆడవాళ్ళ పేర్లు పెట్టించింది. ఒకడికి తన తమ్ముడి పేరు. ఒకామెకు తన పేరే. ఆటను మధ్యలో, ఆఖరి కోట దగ్గర వదిలేసి దాలమ్మ పోయింది. ఆ ఫోను నేను మళ్ళీ ముట్టలేదు.

“అప్ప కోటలోపల చిక్కడిపోనాది,” అంటుంది నూకాలు. “పొద్దుగూకితే కోట తలుపు మరి తెరుసుకోదు. అప్పుడింక ఎవులూ తేలేరు.”

“దాలమ్మ పోయింది కదే.”

“అది మీ దగ్గర. మా దగ్గర ఇంకా పోనేదు. గీత సన్నంగా ఉంది గాని, ఉంది.”

అప్పుడు చూస్తాను. ప్రతి మనిషి నెత్తి మీద ఒక ఎర్రగీత అడ్డంగా వేలాడుతోంది. కొందరిది చేటంత వెడల్పు, కొందరిది వేలంత. అదే ప్రాణం. ఏనుగులకూ ఉంది. గేదెకు లేదు. అది యుద్ధానికి రావడం లేదు.

నేను పొయ్యి వెలిగిస్తాను. గిన్నె చిన్నది. బియ్యం పోస్తుంటే గిన్నె ఎత్తు పెరుగుతుంది. వంటింటి కప్పు కూడా దానికి తగ్గట్టు లేస్తుంది. సైన్యం వాకిట్లో బారుగా కూర్చుంటుంది. వడ్డిస్తాను.

“కూరలో ఉప్పు నేదు,” అంటుంది నూకాలు.

“డాక్టరు ఒద్దన్నాడు.”

“అప్పకి ఒద్దన్నాడు. మాకు కాదు.”

“సేతికి అలవాటైపోనాది.”

ఆమె తింటుంది. అందరూ తింటారు. దాలమ్మ చనిపోయినప్పుడు పరామర్శకు వచ్చినవాళ్ళు టీ తాగుతూ కొత్త రోడ్డు గురించి మాట్లాడుకున్నారు. ఎవరెవరో నాకు గుర్తుంది. వీళ్ళు చప్పిడి కూర మారు వేయించుకుంటున్నారు. ఇదీ గుర్తుంచుకుంటాను.

బారు చివర కూర్మయ్య ఉన్నాడు. దాలమ్మ తమ్ముడు. కిడ్నీ ఇస్తానన్నాడు. పరీక్షల్లో సరిపోయింది. ఆపరేషన్ రోజున బస్సెక్కాడు, దారిలో దిగిపోయాడు. ఏ స్టాపులో దిగాడో నాకు తెలుసు. ఆ స్టాపు వస్తే ఇప్పటికీ బస్సులో కళ్ళు మూసుకుంటాను. ఆ తర్వాత అతనితో మాట్లాడలేదు.

అతని ఇనప చొక్కా మీద ఒక్క గీరు లేదు. నెత్తి మీద ఎర్రగీత నిండుగా, రెండు భుజాలూ దాటి ఉంది.

“అప్ప ఆడిని ఒక్క యుద్ధంలో కూడా ముందుకి పంపనేదు,” అంటుంది నూకాలు. “ఆకరి గడిలో నిలబెట్టీసి, ‘ఆడు బయ్యస్తుడే, ఒగ్గీండి’ అనీది.”

“ఇప్పుడు సైన్యం నాది.”

“నీదే. అందుకే అడుగుతన్నాం. ఆడికి అన్నం ఎడతావా, ఎట్టవా?”

పెడతాను. ఆకలి సంగతి వేరు. ముఖం చూడకుండా పెడతాను.

పెరటి తలుపు తీస్తే సముద్రం దాకా ఉండే జీడితోట లేదు. ఆ జాగాలో తెల్లని కోట ఉంది. కిటికీలు లేవు. గోడల నుంచి ఫినాయిలు వాసన వస్తోంది. కోటకీ నాకూ మధ్య నేలంతా సున్నంతో గళ్ళు గీసి ఉంది. ఆకాశానికి కూడా గళ్ళు ఉన్నాయి. సూర్యుడు నడినెత్తిన ఒక గడిలో ఇరుక్కుని ఉన్నాడు.

నూకాలు నియమాలు చెబుతుంది. ఒక వంతు మనది, ఒక వంతు ఎదుటివాళ్ళది. వాళ్ళ వంతులో మనం కదలకూడదు, కొట్టినా కదలకూడదు. ఒక గడిలో ఒక్కరే నిలబడాలి. మన వంతు అయిన ప్రతిసారీ సూర్యుడు పడమటి వైపు ఒక గడి జరుగుతాడు.

ఇందులో నాకు కష్టమేమీ లేదు. ఆ ఏడాదంతా ఒకరి వంతు అయ్యేదాకా కదలకుండా కూర్చోవడమే నా పని.

కోట గోడ మీద తెల్ల సైనికులు లేస్తారు. వాళ్ళకు కళ్ళున్నాయి, మిగతా ముఖం లేదు.

“కదలండి,” అంటాను.

సైన్యం గళ్ళలోకి దిగుతుంది. నేల తడిగా ఉంది. పాదాల కింద బురద తగలగానే ఆడవాళ్ళందరి నడుములూ ఒక్కసారి వంగుతాయి. ఈటెలు చంకన పెట్టుకుని, చేతులు బురదలో పెట్టి, అందరూ వెనక్కి నడుస్తారు. వరసగా, ఒక్కరూ తప్పకుండా, నా పెరటి గుమ్మం దాకా వెనక్కి వచ్చి ఆగుతారు. సూర్యుడు ఒక గడి జరుగుతాడు.

“ఇదేటే?” అని అరుస్తాను.

“తడి నేల బావా,” అంటుంది నూకాలు, నడుము ఎత్తకుండానే. “తడిలో దిగితే కాళ్ళు ఎనక్కే పోతాయి. ముందుకి నడిస్తే నాటినదంతా తొక్కీమా?”

“ఏటి నాటినారు? ఏటీ నేదు కదా!”

“కాళ్ళకి ఆ సంగతి తెల్దు.”

పక్కనున్న విలుకత్తె కిసుక్కున నవ్వుతుంది. “అప్ప అయితే పొడి నేల సూసి దింపీది. ఈయన మడి సెక్కలో దింపీసినాడు. మొగోడికి ఎట్టా తెలుస్తాది?”

ఎదుటివాళ్ళ వంతు వస్తుంది. గోడ మీంచి బాణాలు వానలా పడతాయి. మేము కదలం. అందరి గీతలూ అరుగుతాయి. నూకాలు గీత బొటనవేలంత మిగులుతుంది. ఒక ఏనుగు గీత పూర్తిగా అయిపోతుంది. అది తనను తాను నాలుగు మడతలు వేసుకుని గట్టు మీద సర్దుకుంటుంది.

కూర్మయ్యకు ఒక్క బాణమూ తగలదు. అలవాటు ప్రకారం ఆఖరి గడిలో ఉన్నాడు.

నేను కోటను చూస్తాను. వంగి ఉన్న వీపులను చూస్తాను. దాలమ్మ మడిలో ఉన్నప్పుడు గట్టు మీద కూర్చుని ఎన్నోసార్లు చూశాను. గుంపు మొత్తం వెనక్కి నడుస్తూ అవతలి గట్టుకు చేరేది. చేరాలనుకున్న గట్టుకు ఎప్పుడూ వీపే పెట్టేవాళ్ళు.

“అందరూ తిరగండి,” అంటాను. “కోటకి ఈపు ఎట్టండి. ఇప్పుడు నడండి.”

నూకాలు ఒక క్షణం ఆలోచించి, నవ్వి, తిరుగుతుంది. అందరూ తిరుగుతారు. నడుములు వంగుతాయి. సైన్యం వెనక్కి నడుస్తూ కోట వైపు బయలుదేరుతుంది. నేల మీద పడ్డ బాణాలు చేతికి తగులుతుంటే ఒక్కొక్కటీ తీసి, మొన కిందికి పెట్టి, గడికొకటి నాటుకుంటూ పోతారు. చేతులు ఊరికే ఉండవు కదా.

ఎదుటివాళ్ళ వంతులో తెల్ల సైనికులు విల్లులు ఎత్తి, దించుతారు. వాళ్ళకు కనబడుతున్నవి వీపులు. వెళ్ళిపోతున్నవాళ్ళను కొట్టకూడదని వాళ్ళ నియమం. వెళ్ళిపోతున్నవాళ్ళు ఎందుకు అంతకంతకూ పెద్దగా కనబడుతున్నారో వాళ్ళకు అర్థం కాదు. ఒకరి కళ్ళలోకి ఒకరు చూసుకుంటారు.

మా వంతు. వాళ్ళ వంతు. మా వంతు. నాటిన బాణాలు చివర పచ్చబడుతున్నాయి. నేను వరసకు ముందు గట్టు మీద నడుస్తాను. దాలమ్మ బతికున్న రోజుల్లో ఈ ఆడవాళ్ళు ఆమె కూలీ గుంపు అనుకునేవాణ్ణి. సైన్యమని ఆమెకు ముందే తెలుసు.

కోట తలుపు దగ్గరికి చేరేసరికి సూర్యుడు ఆఖరి గడిలో ఉన్నాడు. ఈ ఒక్క వంతే మిగిలింది.

తలుపుకు తాళం లేదు, గొళ్ళెం లేదు. మధ్యలో రెండు గొట్టాలు బయటికి వచ్చి ఉన్నాయి. అవి నాకు తెలిసినవే.

నూకాలు ఒక గొట్టం చెవికి ఆనించుకుని వింటుంది. “ఉంది. ఊపిరాడతంది. గీత ఎంట్రుకంత.”

“తలుపెలా తీస్తారు?”

“ఒకరి గీతలో సగం ఇందులోంచి లోపలికి పోవాల. అప్పుడు అప్ప లేస్తాది, తనే తలుపు తీసుకుంతాది. ఇచ్చీవోడి గీత నిండా ఉండాల. అరిగిపోయినోలిది పనికిరాదు.”

“నాది తీసుకోండి.”

“నీకు గీత నేదు బావా. ఆడించీవోడికి ఉండదు.”

ఆ ఏడాది కూడా ఇదే మాట విన్నాను. నాది సరిపడదన్నారు. అప్పుడు గోడను తన్నాను. ఇప్పుడు తన్నను. ఎవరి గీత నిండుగా ఉందో అందరికీ తెలుసు. ఎవరూ అటు చూడరు.

కూర్మయ్య చివరి గడిలో నిలబడి ఉన్నాడు. ఇన్ని యుద్ధాల్లో దాలమ్మ అతన్ని వెనక దాచకపోతే ఆ గీత ఈపాటికి అరిగిపోయి ఉండేది. ఆమె ఎందుకు దాచిందో నాకు తెలుసు. తన కోసం కాదు. భయస్తుడని. అంతే.

“సెయ్యి సూపించు బావా,” అంటుంది నూకాలు, గొంతు తగ్గించి. “నువ్వు గడి సూపిస్తే ఆడు ఎల్లక తప్పదు. సైన్యం నీది.”

నేను చెయ్యి ఎత్తుతాను. ఎత్తి దించుతాను. చూపిస్తే అది నేను తీసుకున్నట్టవుతుంది. అప్పుడు అతను ఇవ్వలేదు. ఇప్పుడూ ఇవ్వనట్టే అవుతుంది.

“కూర్మయ్యా,” అంటాను. ఆ పేరు నా నోట పలికి చాలాకాలమైంది. “తలుపు కనిపిస్తందా?”

“కనిపిస్తంది బావా.”

“నాను సెయ్యి సూపించను.”

“సూపించు బావా. నీ కాళ్ళట్టుకుంతాను, సూపించు. అప్పుడు ఎల్లిపోతాను. ఆలోసించక్కర్నేదు.”

“సూపించను.”

అతను ఏడుస్తాడు. మేము నిలబడతాం. మా వంతు పూర్తి కానంతవరకూ సూర్యుడు జరగలేడు. చాలాసేపు నిలబడతాం. నూకాలు విల్లుతాడుతో ఒక చాప అల్లడం మొదలుపెట్టి పూర్తి చేస్తుంది. మిగిలిన ఏనుగు ముసలిదవుతుంది. నా గడ్డం ఛాతీ దాకా పెరుగుతుంది. కోట మీద తెల్ల సైనికుల బట్టలు మాసిపోతాయి. ఆట మమ్మల్ని తొందరపెట్టదు. ఆ రోజు బస్సు తొందరపెట్టింది, గడియారం తొందరపెట్టింది, నేను ఫోనులో అరిచి తొందరపెట్టాను. ఈ ఆట మాత్రం ఒక భయస్తుడికి ఎంత సమయం కావాలో అంతా ఇస్తోంది. ఎవరికీ కృతజ్ఞత చెప్పే అలవాటు నాకు లేదు. ఆటకు చెబుతాను.

కూర్మయ్య ఒక గడి జరుగుతాడు. ఆగుతాడు. ఇంకో గడి.

“నాకు బయ్యంగా ఉంది బావా.”

“తెల్సు.”

“ఆ రోజూ ఇదే బయ్యం.”

“తెల్సు. నడు.”

“తిట్టవేటి?”

“తిట్టడానికి ఇంకా శానా ఉంది. ముందు నడు.”

అతను తలుపు ముందు గడిలోకి వస్తాడు. ఇనప చొక్కా పక్క కుట్టు విప్పుతాడు. నెత్తి మీది ఎర్రగీతను రెండు చేతులతో దించి, మోకాలి మీద పెట్టి, చెరుకుగడను విరిచినట్టు సగానికి విరుస్తాడు. సగం గొట్టంలో పెడతాడు. గొట్టం ఎర్రబడుతుంది. అతను కళ్ళు గట్టిగా మూసుకుని ఉన్నాడు. కాని అదే గడిలో ఉన్నాడు.

తలుపు తెరుచుకుంటుంది.

దాలమ్మ బయటికి వస్తుంది. చీర మీద ఇనప చొక్కా, చేతి మీద సూదుల గుర్తులు. నెత్తి మీద గీత తమ్ముడి గీతకు సమానంగా ఉంది. ఆమె నన్ను చూడదు. పొలం వైపు చూస్తుంది.

“వరసలేటి ఇలా వంకరపోనాయి?”

“నీ మొగుడు నడిపినాడప్పా,” అంటుంది నూకాలు. “మరెలా ఉంతాయి?”

సైన్యమంతా నవ్వుతుంది. దాలమ్మ నవ్వదు. తలుపు పక్కన కూలబడ్డ తమ్ముణ్ణి చూస్తుంది.

“తిన్నావేటిరా?”

“తిన్నానప్పా. ఉప్పు నేదు.”

“ఆయన ఎట్టినాడా?”

“ఆయనే.”

అప్పుడు ఆమె నన్ను చూస్తుంది. ఆ చూపుకు నేను తట్టుకోలేక తల తిప్పి, కూర్మయ్య ముందుకు వెళ్ళి, రెండు చేతులూ జోడించి దండం పెడతాను.

“బావా, అయితే నన్ను...”

“నేదు,” అంటాను. “అది నేదు.”

అతను తల ఊపుతాడు. అర్థమైంది. నేను క్షమించలేదు. క్షమించబోను. ఆ బస్సు స్టాపు ఉన్నచోటే ఉంది. అయినా జోడించిన చేతులు దించాలనిపించడం లేదు. కోపమూ దండమూ రెండూ నా దగ్గరే ఉన్నాయి, రెండింటికీ చోటు ఉంది.

“ఇంటికి పద,” అంటాను దాలమ్మతో.

ఇద్దరం వెనక్కి తిరుగుతాం. ఇల్లు ఒక గడి అంత అయి ఉంది. గుమ్మం, పొయ్యి, మంచం, అన్నీ ఒక్క గడిలో సర్దుకున్నాయి. గడిలో ఒక్కరే నిలబడాలి. అది నియమం. దాలమ్మ లోపలికి తొంగి చూసి, కాలు వెనక్కి తీసుకుంటుంది.

“ఇరుగ్గా ఉంది,” అంటుంది.

“నువ్వుండు. నాను బైటుంతాను.”

“బైటుండి ఏటి సేస్తావు? నా వంకే సూస్తా కూకుంతావు. ఏడాది సూసినావు, సాల్లేదా?”

“సాల్లేదు.”

ఆమె నా పక్క గడిలోకి వచ్చి నిలబడుతుంది. ఆమె నెత్తి మీద గీత కొద్దిగా పొడుగవుతుంది.

“అదేటి?” అని అడుగుతాను.

“మనవోలు పక్క గడిలో ఉంటే గీత పెరుగుతాది. ఈ ఆటలో అలగే.”

ఆ ఏడాదంతా మంచం పక్కనే నిలబడ్డాను. అప్పుడు ఏదీ పెరగలేదు. ఇక్కడ ఊరికే నిలబడితే పెరుగుతోంది. ఈ ఆట చేసినవాళ్ళెవరో నాకు తెలియదు. ఏ దేశమో, ఏ భాషో. వాళ్ళ పిల్లలు చల్లగా ఉండాలి.

ఎదుటివాళ్ళ వంతు వస్తుంది. కోట మీద ఎవరూ లేరు. తెల్ల బట్టలు మాత్రం గోడ మీద ఆరేసినట్టు ఉన్నాయి. అయినా వంతు అన్నాక ఎవరో ఒకరు కదలాలి.

సముద్రం కదులుతుంది.

కోట వెనక నుంచి లేచి, అంచులు మోకాళ్ళ పైకి ఎత్తి పట్టుకుని, గట్టు దాటి, గడి గడికీ ఆగుతూ వస్తుంది. దానికి గీత ఈ చివర నుంచి ఆ చివర దాకా ఉంది. ఇల్లున్న గడి జోలికి పోకుండా మా ముందే ఆగుతుంది. ఇంకొక గడి వస్తే దాలమ్మ నిలబడ్డ గడే. ఈటెలు లేస్తాయి. దాలమ్మ చెయ్యి ఎత్తి ఆపుతుంది. సైన్యం మళ్ళీ ఆమె పేరుకు మారిందని అప్పుడు నాకు తెలుస్తుంది. భుజాలు తేలికపడతాయి.

ఆమె సముద్రాన్ని కిందికీ పైకీ చూస్తుంది, కొత్త కూలీని చూసినట్టు.

“సేతులు ఎలాగూ తడిసే ఉన్నాయి కదా,” అంటుంది. “ఊడ్పులకి ఒస్తావేటి?”

సముద్రం ఆలోచిస్తుంది. దాన్ని ఇంతవరకూ ఎవరూ ఏ పనికీ పిలిచినట్టు లేదు. తల ఊపుతుంది.

దాలమ్మ పచ్చబడ్డ బాణాలు పీకి, కట్ట కట్టి, దాని చేతిలో పెడుతుంది. ఎంత లోతు, ఎంత ఎడం, ఒకసారి చూపిస్తుంది. సముద్రం నడుము వంచుతుంది. వంచి, నాటుతూ, వెనక్కి నడవడం మొదలుపెడుతుంది.

అది తప్పుకున్న చోటల్లా కొత్త గళ్ళు బయటపడుతున్నాయి. ఖాళీ గళ్ళు, పక్కపక్కనే, చూపు ఆనినంత దూరం.

“కూర్మయ్యా, ఇంట్లో నువ్వుండు,” అని వెనక్కి తిరగకుండా చెబుతాను. “ఒక్కడికి సరిపోతాది. గేదెకి నీళ్ళెట్టు.”

“అలగే బావా.”

నూకాలు సైన్యాన్ని వరసలో పెడుతుంది. దాలమ్మ ఒక గడిలోకి అడుగు వేస్తుంది. నేను పక్క గడిలోకి వేస్తాను. ఆమె ఇంకొకటి. నేను ఇంకొకటి. ఆమె గీత పెరుగుతూనే ఉంది. ఇప్పుడది రెండు భుజాలూ దాటి, గాలికి కొద్దిగా ఊగుతోంది.

సముద్రం చేతిలో కట్ట అయిపోతుంది. పని ఆపదు. తన దగ్గరున్నవే తీసి నాటుతుంది: చేపలను తోకల మీద, పడవలను ముక్కుల మీద, ఆ తర్వాత గడికొక కెరటాన్ని, వేళ్ళతో సహా. మా వైపు తల వంచుకునే దూరమవుతోంది.

దాలమ్మ ఆగుతుంది. ఒక కెరటం పక్కకు ఒరిగి ఉంది. వంగి, దాని మొదట్లో బురద నొక్కి, నిటారుగా నిలబెడుతుంది. అది ఒకసారి ఊగి, కుదురుకుని, మొదటి ఆకు వేస్తుంది.